అడిగితే చెబుతాం: ఆటకు చాలిన నెట్ తెరకెందుకు చాలదు?

పండుగ సెలవులు ముగిశాక ఈ శీర్షికకు వచ్చే ఉత్తరాల్లో ఏదో ఒక విషయానిదే పైచేయి అవుతుంది. ఈసారి ఆ వంతు, తలో ఊళ్లో ఉన్న అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లు, పాత మిత్రులు కలిసి ఆడుకునే పార్టీ వీడియో గేములకు దక్కింది. ఎంత నెట్ కావాలి, ఎంత డేటా ఖర్చవుతుంది, డబ్బు కడుతున్నా ఎందుకు ఆగిపోతోంది అని అడిగినవారే ఎక్కువ. ఒకే సందేహాన్ని పలువురు అడిగిన చోట ఒక్క ప్రశ్నగా కూర్చి జవాబిస్తున్నాం.

ప్రశ్న: మా ఇంట్లో 100 ఎంబీపీఎస్ ఫైబర్ కనెక్షన్ ఉంది. నా ల్యాప్‌టాప్‌లో జాక్‌బాక్స్ పార్టీ ప్యాక్ కొన్నాను. ఆదివారం ఉదయం వీడియో కాల్‌లో స్క్రీన్ షేర్ చేసి, డల్లాస్‌లో ఉన్న మా అన్నయ్య కుటుంబంతోనూ బెంగళూరులో ఉన్న మా చెల్లితోనూ ఆడుతుంటాం. నాకు అంతా బాగానే కనిపిస్తుంది కానీ వాళ్లకు బొమ్మ ఆగి ఆగి కదులుతోందట, మాటలు తెగిపోతున్నాయట. జవాబు టైప్ చేసేలోపే గడువు అయిపోయిందని గొడవ. ఆపరేటర్ మనిషి వచ్చి చూసి, స్పీడ్ పూర్తిగానే వస్తోందని చెప్పి, 300 ఎంబీపీఎస్ ప్లాన్‌కు మారమన్నారు. మారాలా?
– ఒక పాఠకురాలు, హనుమకొండ

జవాబు: మారనవసరం లేదమ్మా. నెలనెలా అదనంగా కట్టే ఆ డబ్బుతో ఒక మంచి లాన్ కేబుల్ కొనుక్కుంటే ఎక్కువ ప్రయోజనం ఉంటుంది. కారణం చెబుతాను.

జాక్‌బాక్స్ తరహా ఆటల్లో ఆట నడిచేది మీ ల్యాప్‌టాప్ ఒక్కదానిలోనే. మిగిలినవారు ఎవరి ఫోన్‌లో వారు బ్రౌజర్ తెరిచి, జాక్‌బాక్స్ డాట్ టీవీ అన్న చిరునామాకు వెళ్లి, మీ తెరపై కనిపించే నాలుగక్షరాల కోడ్ కొట్టి ఆటలో చేరతారు. వారి ఫోన్ నుంచి బయలుదేరేది ఒక వాక్యమో, వేలితో గీసిన ఒక బొమ్మో, ఒక ఓటో మాత్రమే. అది కిలోబైట్లలో తేలిపోయే వ్యవహారం కాబట్టి ఎంత నీరసమైన మొబైల్ నెట్ అయినా దాన్ని మోయగలదు. ఈ ప్యాక్‌లలోని చాలా ఆటల్లో ఎనిమిది మంది ఆడవచ్చు, అంతకు మించి వచ్చినవారు ప్రేక్షకులుగా చేరి ఓటు వేయవచ్చు. వారు ఎందరు చేరినా మీ కనెక్షన్‌పై పడే భారం దాదాపు పెరగదు.

భారమంతా ఆటలో కాదు, తెరలో ఉంది. డల్లాస్‌లోనూ బెంగళూరులోనూ ఉన్నవారు మీ ల్యాప్‌టాప్ తెరను చూడాలంటే, కదిలే ఆ బొమ్మ మీ ఇంటి నుంచి పైకి వెళ్లాలి. 720పీ నాణ్యతతో సాఫీగా పంపడానికి సుమారు రెండు నుంచి మూడు ఎంబీపీఎస్ అప్‌లోడ్, అదీ ఒడుదొడుకులు లేకుండా, గంటసేపు నిలకడగా కావాలి. బిల్లు మీద పెద్ద అక్షరాలతో అచ్చువేసేది డౌన్‌లోడ్ వేగం, మీ ఇంటికి వచ్చిన మనిషి చూసి తృప్తిపడినదీ అదే అయి ఉంటుంది. మీకు బొమ్మ చక్కగా కనిపించడంలో వింతేమీ లేదు, ఎందుకంటే మీరు చూస్తున్నది మీ సొంత తెరనే, అది నెట్ మీదుగా రావడం లేదు.

కాబట్టి స్పీడ్ టెస్ట్‌లో రెండో అంకెను, అంటే అప్‌లోడ్‌ను చూడండి. ఇంటి లోపలి దాకా ఫైబరే వచ్చిన చోట డౌన్‌లోడ్, అప్‌లోడ్ తరచుగా సమానంగా ఉంటాయి. వీధి చివరి వరకు ఫైబర్, అక్కడి నుంచి పాత కేబుల్ టీవీ తీగ అయితే అప్‌లోడ్ బాగా తగ్గిపోతుంది. అక్కడ పది ఎంబీపీఎస్ కనిపించినా మీ అవసరానికి ధారాళంగా సరిపోతుంది. వీడియో కాల్‌లో మీ తెర సాధారణంగా ఒక్క ప్రతిగా కంపెనీ సర్వర్‌కు చేరి, అక్కడి నుంచి అందరికీ పంపిణీ అవుతుంది కనుక చూసేవారు ఇద్దరైనా ఇరవై మందైనా మీ అప్‌లోడ్ ఖర్చు ఇంచుమించు ఒకటే.

అప్‌లోడ్ సరిపడా ఉన్నా బొమ్మ ఆగుతోందంటే, ఆ దారిలో ఇంకెవరో ఉన్నట్టు. పండుగ ఫొటోలూ వీడియోలూ ఇంట్లో నాలుగు ఫోన్ల నుంచి ఒకేసారి గూగుల్ ఫొటోస్‌కు ఎక్కుతుంటాయి, గుమ్మం ముందున్న సీసీ కెమెరా తన దృశ్యాలను క్లౌడ్‌కు పంపుతూ ఉంటుంది. రూటర్ వీటిని వరుసలో నిలబెట్టి ఒక్కొక్కటిగా వదులుతుంది. టోల్‌ప్లాజాలో లారీల బారు వెనుక బైకు ఇరుక్కుపోయినట్టు, మీ మాటా మీ తెరా ఆ ఫొటోల వెనుక నిలిచిపోతాయి. దీన్ని మీరే పరీక్షించవచ్చు. ల్యాప్‌టాప్‌లో కమాండ్ ప్రాంప్ట్ తెరిచి, పింగ్ అన్న మాటను ఇంగ్లీషు అక్షరాల్లో కొట్టి, ఖాళీ వదిలి 8.8.8.8 అని, మళ్లీ ఖాళీ వదిలి ఒక హైఫన్, టీ అక్షరం చేర్చి ఎంటర్ నొక్కండి. ఒక్కొక్క వరుసలో మిల్లీసెకన్లు కనిపిస్తాయి, ఆ చిరునామాలోని గూగుల్ సర్వర్‌కు కబురు వెళ్లి రావడానికి పట్టిన సమయం అది. ఇల్లు నిశ్శబ్దంగా ఉన్నప్పుడు అది 20, 30 దగ్గర ఆడుతూ ఉంటే మంచిదే. అలా నడుస్తుండగానే ఒక ఫోన్ నుంచి పెద్ద వీడియో ఒకటి పైకి ఎక్కించి చూడండి. 30 కాస్తా 300కు, 500కు ఎగబాకితే దొంగ దొరికినట్టే. అలాంటి కనెక్షన్‌ను 300 ఎంబీపీఎస్‌కు పెంచినా, ఫొటోలు కాస్త త్వరగా ఎక్కుతాయే తప్ప అవి ఎక్కుతున్నంతసేపు మీ ఆట ఆగడం మానదు.

ఆట మొదలుపెట్టే ముందు అన్ని ఫోన్లలోనూ ఫొటోల బ్యాకప్‌ను ఆపండి. మీ రూటర్ సెట్టింగుల్లో క్యూఓఎస్ అన్న అంశం ఉంటే ల్యాప్‌టాప్‌కు ప్రాధాన్యం ఇవ్వండి, అది బైకులకు పక్కన విడిగా దారి వదలడం లాంటిది. ల్యాప్‌టాప్‌ను వైఫై మీద కాక తీగతో రూటర్‌కు కలపండి. జూమ్ వాడుతున్నట్టయితే స్క్రీన్ షేర్ చేసే పెట్టెలో సౌండ్ షేర్‌కూ, వీడియో క్లిప్‌కు అనువుగా పంపడానికీ రెండు చిన్న గడులు ఉంటాయి, రెండింటికీ టిక్ పెట్టండి. ఆ రెండోది లేకపోతే జూమ్ మీ తెరను ఒక స్లైడు అనుకుని స్పష్టతకు ప్రాధాన్యమిచ్చి కదలికను తగ్గిస్తుంది. అన్నట్టు, జూమ్ ఉచిత ఖాతాలో గ్రూప్ కాల్ 40 నిమిషాలకు తనంత తాను ముగుస్తుంది. దాన్ని కూడా నెట్ ఖాతాలో వేసి ఆపరేటర్‌ను తిట్టేవారు ఉన్నారు.

ఇక డల్లాస్ సంగతి. హైదరాబాదు ప్రాంతం నుంచి అక్కడికి నేరుగా గీత గీస్తేనే 14,000 కిలోమీటర్ల పైచిలుకు. గాజు తీగలో కాంతి సెకనుకు సుమారు రెండు లక్షల కిలోమీటర్లు పోతుంది కనుక వెళ్లి రావడానికే 140 మిల్లీసెకన్లు పడుతుంది. సముద్రం అడుగున కేబుళ్లు చుట్టుతిరిగి వెళతాయి కాబట్టి ఆచరణలో అది 250 దాకా, ఒక్కోసారి అంతకు మించీ ఉంటుంది. దీన్ని ఏ ప్లానూ తగ్గించలేదు. అయితే ఆలోచించి జవాబు రాసే ఆటలో పావు సెకను లెక్కలోకి రాదు. మీ అన్నయ్యగారి గొడవకు వేరే మందు ఉంది: చాలా జాక్‌బాక్స్ ఆటల సెట్టింగుల్లో గడువును పొడిగించే వీలు ఉంటుంది, దాన్ని ఆన్ చేయండి. వీడియో కాల్‌కు బదులు యూట్యూబ్ లైవ్‌లో చూపించమని ఎవరైనా సలహా ఇస్తే మాత్రం వినకండి. అక్కడ బొమ్మ కొన్ని సెకన్లు ఆలస్యంగా చేరుతుంది. ప్రశ్న వారికి కనిపించేసరికి మీ ఇంట్లో నవ్వులు కూడా అయిపోతాయి.

ప్రశ్న: హాస్టల్లో ఉండి ఇంజినీరింగ్ చదువుతున్నాను. నాకు రోజుకు 1.5 జీబీ డేటా వస్తుంది. మిత్రులతో అమాంగ్ అస్, లూడో కింగ్, స్క్రిబుల్ ఆడితే రాత్రి పదింటికల్లా డేటా అయిపోతోంది. ఈ ఆటలు నిజంగా అంత తింటాయా? హాస్టల్ వైఫైలో లోకల్ మోడ్‌లో ఆడదామంటే ఒకరి ఫోన్ మరొకరికి కనిపించడం లేదు.
– ఒక విద్యార్థి, విజయవాడ

జవాబు: నిందను తప్పుచోట మోపుతున్నారు. ఈ మూడు ఆటలూ డేటా విషయంలో మహా పొదుపరులు. లూడోలో ఒక ఎత్తుకు నెట్ మీద వెళ్లేది పాచికపై పడిన అంకె, కదిలిన కాయ. బొమ్మ గీసి పదాన్ని ఊహించే స్క్రిబుల్‌లో గీత ఏ దారిన సాగిందో చెప్పే అంకెలు. అమాంగ్ అస్‌లో ఎవరు ఎక్కడ నిలబడ్డారన్న సమాచారం. బొమ్మలన్నీ మీ ఫోన్ తనంత తాను గీసుకుంటుంది, అవి నెట్ మీద రావు. ఆట తాలూకు అప్‌డేట్లూ, మధ్యమధ్య ప్రత్యక్షమయ్యే వీడియో ప్రకటనలూ మాత్రం ఆటకంటే ఎన్నో రెట్లు ఎక్కువ తింటాయి. అప్‌డేట్లను వైఫైలో ఉన్నప్పుడే దించుకునేలా ప్లేస్టోర్‌లో మార్చుకోండి.

ఆడుతూ మాట్లాడుకోవడానికి మీరేం వాడుతున్నారో రాయలేదు. డిస్కార్డ్ లాంటి యాప్‌లో కేవలం గొంతు వినిపించాలంటే మనిషికి 64 కేబీపీఎస్ చొప్పున గంటకు 29 ఎంబీ లెక్క. ఐదుగురూ ఊపిరి తీసుకోకుండా గంటసేపు మాట్లాడినా 150 ఎంబీ దాటదు. అదే ఎవరో ఒకరు తెర షేర్ చేస్తుంటే, లేదా అందరూ ముఖాలు చూపించుకుంటూ ఉంటే లెక్క మారిపోతుంది. 2.5 ఎంబీపీఎస్ వీడియో ఒక గంట నడిస్తే 1,125 ఎంబీ అవుతుంది, అంటే మీ రోజు కోటా గంటా ఇరవై నిమిషాల్లో హరీ అంటుంది. రాత్రి పదింటి రహస్యం అదే అయి ఉండాలి. కెమెరాలు ఆపి గొంతుతోనే ఆడండి. తమలో దాగిన మోసగాడు ఎవరో కనిపెట్టే అమాంగ్ అస్ ఆడేటప్పుడు ముఖాలు కనపడకపోతేనే అబద్ధం చెప్పడం సులువని అనుభవజ్ఞులు అంటారు.

కోటా అయిపోయాక వేగం 64 కేబీపీఎస్‌కు పడిపోయే ప్లాన్లు చాలా ఉన్నాయి. ఆ వేగంలో లూడో కింద మీద పడి నడుస్తుంది, గొంతు మాత్రం నిలవదు.

ఇక హాస్టల్ వైఫై. వందల మంది వాడే నెట్‌వర్కులలో ఒక ఫోన్ మరొక ఫోన్‌ను చూడకుండా భద్రత కోసం అడ్డుగోడ పెడతారు. ప్రతి ఫోనూ ఇంటర్నెట్‌కు వెళ్లగలదు కానీ పక్క ఫోన్‌తో మాట్లాడలేదు. లోకల్ మోడ్ ఆటలు నడిచేదే పక్క ఫోన్‌తో మాట్లాడుకోవడం మీద కాబట్టి అక్కడ మిత్రుడు తెరిచిన ఆట గది కనిపించదు. దీనికి విరుగుడు మీ జేబులోనే ఉంది. ఒకరు మొబైల్ హాట్‌స్పాట్ ఆన్ చేస్తే మిగిలినవారు దానికి కలిసి లోకల్ మోడ్‌లో ఆడవచ్చు. అమాంగ్ అస్‌లోనూ మినీ మిలీషియాలోనూ ఇది చక్కగా పని చేస్తుంది. ఆట సమాచారం ఆ నాలుగు ఫోన్ల మధ్యే తిరుగుతుంది కనుక డేటా ఖర్చు కాదు. కానీ హాట్‌స్పాట్‌కు కలిసిన ఫోన్లు దాన్ని అసలైన వైఫై అనుకుని మీ డేటాతో అప్‌డేట్లు దించుకునే ప్రమాదం ఉంది. అందుకని హాట్‌స్పాట్ ఇచ్చే ఫోన్‌లో మొబైల్ డేటాను ఆపేసి ఆడండి. లూడో కింగ్‌ను ఒకే ఫోన్‌ను చేతులు మారుస్తూ ఆడే వీలుందన్న సంగతి మీకు తెలిసే ఉంటుంది, దానికి నెట్టే అక్కరలేదు.

ప్రశ్న: మా అబ్బాయి పుట్టినరోజుకు పది పన్నెండు మంది పిల్లలు వచ్చారు. టీవీకి ల్యాప్‌టాప్ కలిపి, అందరూ ఫోన్లతో ఆడే క్విజ్ ఆట పెట్టాం. రెండు మూడు ఫోన్లు మాటిమాటికీ ఆటలోంచి బయటికి వచ్చేశాయి. మధ్యలో కరెంటు పోయింది, ఇన్వర్టర్ ఉన్నా నెట్ తిరిగి రావడానికి చాలాసేపు పట్టింది. అందరూ ఒకే గదిలో ఉంటే అసలు ఇంటర్నెట్ ఎందుకండీ?
– ఒక తల్లి, కాకినాడ

జవాబు: ఆఖరి ప్రశ్న చాలా సహేతుకమైనది. ఒకే గదిలో ఉన్నా ఈ తరహా ఆటల్లో ఫోన్ నేరుగా మీ ల్యాప్‌టాప్‌తో మాట్లాడదు. ఫోన్ కొట్టిన జవాబు ఆ కంపెనీ సర్వర్ దాకా వెళ్లి, అక్కడి నుంచి తిరిగి మీ ల్యాప్‌టాప్‌కు వస్తుంది. ఎవరి ఫోన్‌లోనూ ఏ యాప్ వేయనక్కరలేకుండా, ఏ నెట్‌వర్కులో ఉన్నా కోడ్ కొట్టి చేరిపోయేలా ఉండాలంటే ఇదే తేలిక మార్గం. అందువల్ల ఫోన్లన్నీ మీ వైఫైలోనే ఉండాలన్న నియమం కూడా లేదు. బయటపడిపోతున్న ఫోన్లను వాటి మొబైల్ డేటాకు మార్చమని చెబితే సగం సమస్య తీరుతుంది, పిల్లల ఫోన్‌కు దానివల్ల అయ్యే ఖర్చు కొద్ది ఎంబీలే.

పన్నెండు ఫోన్లు, ఒక టీవీ, ఒక ల్యాప్‌టాప్, వాటితోపాటు ఎప్పటినుంచో కలిసి ఉన్న ఇంటి ఫోన్లు. కనెక్షన్‌తో పాటు ఉచితంగా ఇచ్చే చిన్న రూటర్‌కు ఇది పెళ్లి భోజనాల రద్దీయే. చాలా రూటర్లలో 2.4 గిగాహెర్ట్జ్, 5 గిగాహెర్ట్జ్ అని రెండు వైఫైలు ఉంటాయి. మొదటిది గోడలు దాటి దూరం పోతుంది కానీ ఇరుకైనది. ఒకదానితో ఒకటి ఒరుసుకోని చానళ్లు అందులో 1, 6, 11 అని మూడే, ఆ మూడింటినీ అపార్ట్‌మెంట్‌లోని ఇళ్లన్నీ పంచుకోవాలి. బ్లూటూత్ స్పీకరూ, వంటింట్లో తిరుగుతున్న మైక్రోవేవ్ ఓవెనూ కూడా ఆ తరంగాల్లోనే అల్లరి చేస్తాయి. రెండోది విశాలమైనది కానీ ఒక గోడ దాటేసరికి చప్పబడుతుంది. ఆట జరిగే హాల్లోకి రూటర్‌ను తెచ్చి, ఆ గదిలోని ఫోన్లను 5 గిగాహెర్ట్జ్‌కు కలిపి, ల్యాప్‌టాప్‌ను తీగకు తగిలిస్తే మీ రూటరే సరిపోవచ్చు. టీవీ వెనుక, బీరువా పైన, ఇనుప గ్రిల్ పక్కన రూటర్ పెట్టే అలవాటు మన ఇళ్లలో ఎక్కువ, అది తగదు. మరో సంగతి, ఫోన్ తెర ఆరిపోతే బ్రౌజర్ నిద్రపోతుంది, అప్పుడూ ఆటలోంచి బయటపడినట్టు కనిపిస్తుంది. అదే కోడ్ మళ్లీ కొడితే సాధారణంగా పాత స్థానంలోకే తిరిగి చేరవచ్చు.

కరెంటు విషయానికి వస్తే, ఇన్వర్టర్‌కు మారే ఆ క్షణంలోనే రూటర్ ఆరి మళ్లీ లేస్తుంది, లేచి నెట్‌కు కలవడానికి రెండు మూడు నిమిషాలు తీసుకుంటుంది. రూటర్ల కోసమే అమ్మే 12 వోల్టుల చిన్న యూపీఎస్ ఒకటి పెడితే ఆ అంతరాయం ఉండదు. మీ ఇంట్లో ఫైబర్ పెట్టె, వైఫై రూటర్ విడివిడిగా ఉంటే రెండింటికీ ఆ రక్షణ కావాలి, ఒకదానికే పెట్టి ప్రయోజనం లేదు. కొనే ముందు రెండింటి అడాప్టర్ల మీద వోల్టులూ ఆంపియర్లూ చదివి సరిపోల్చుకోండి. వీధిలో ఆపరేటర్ పెట్టిన పెట్టెకే కరెంటు పోతే మాత్రం మనం చేయగలిగింది లేదు, ఆ కాసేపు కేకు కోయించండి.

ప్రశ్న: నేను సింగపూర్‌లో ఉంటాను. హైదరాబాదులో ఉన్న నా మిత్రుడు కంప్యూటర్ గేములు అమ్మే స్టీమ్‌లో రిమోట్ ప్లే టుగెదర్ ద్వారా తన కంప్యూటర్‌లోని ఓవర్‌కుక్డ్ అనే వంట ఆటను నాతో ఆడిస్తాడు. నేను బటన్ నొక్కిన కాసేపటికి నా వంటవాడు కదులుతాడు. ఇద్దరికీ వేగవంతమైన ఫైబరే ఉంది. వచ్చే నెల నుంచి న్యూజెర్సీలో ఉన్న మా మూడో మిత్రుడు కూడా చేరతానంటున్నాడు. ఏం మార్చాలి?
– ఒక పాఠకుడు, సింగపూర్

జవాబు: 2019లో వచ్చిన ఈ సదుపాయం అద్భుతమైనదే కానీ, దాని పని తీరు తెలిస్తే ఎక్కడ ఆశ పెట్టుకోకూడదో కూడా తెలుస్తుంది. ఒకే సోఫాలో కూర్చుని ఆడటానికి తయారైన ఆటను ఇది దూరంగా ఉన్నవారికి అందిస్తుంది. మీ దగ్గర ఆట లేదు, మీ మిత్రుడి తెర వీడియోగా మీకు వస్తుంది, మీరు నొక్కిన బటన్ వెనక్కి వెళుతుంది. వెళ్లి, కదలికగా మారి, వీడియోగా కుదించుకుని, తిరిగి వచ్చి, మీ కంప్యూటర్‌లో విప్పుకున్నాకే మీకు కనిపిస్తుంది. హైదరాబాదు, సింగపూర్ మధ్య దూరం సుమారు 3,300 కిలోమీటర్లు, రాకపోకలకు 50 నుంచి 80 మిల్లీసెకన్లు మామూలే. వీడియోను కుదించి విప్పే పని దానికి మరికొంత జోడిస్తుంది. సెకనుకు 60 చిత్రాలు చూపే ఆటలో ఒక్కో చిత్రం 17 మిల్లీసెకన్లే ఉంటుంది కనుక మీ వంటవాడు ఐదారు చిత్రాలు ఆలస్యంగా అడుగు వేస్తాడు. ఉల్లిపాయలు తరగడానికి అది చాలు, కదిలే లారీల మధ్య దూకడానికి చాలదు.

ఇక్కడ వేగం పాత్ర పరిమితమే అయినా, ఆట నడిపే ఇంటి అప్‌లోడ్ మీద మాత్రం శ్రద్ధ పెట్టాలి. ఫుల్ హెచ్‌డీలో సెకనుకు 60 చిత్రాల చొప్పున పంపడానికి 10 నుంచి 30 ఎంబీపీఎస్ వరకు అవసరమవుతుంది. వీడియో కాల్‌లోలా ఒక్క ప్రతి పంపి ఊరుకోవడం కుదరదు, చేరిన ప్రతి మిత్రుడికీ విడిగా ఒక వీడియో వెళ్లాలి. మీ మూడో మిత్రుడు చేరితే హైదరాబాదు ఇంటి అప్‌లోడ్ ఖర్చు రెట్టింపు. నాణ్యతను 720పీకి తగ్గిస్తే భారం తగ్గుతుంది, కాస్త చురుకుదనమూ వస్తుంది. మీ ఇద్దరి కంప్యూటర్లూ తీగతో కలిసి ఉండటం ఇక్కడ ఐచ్ఛికం కాదు, వైఫైలో ఒక్క తడబాటు వస్తే బొమ్మ మొత్తం చెదిరిపోతుంది.

న్యూజెర్సీ మాట నిష్ఠూరమైనా చెప్పాలి. అక్కడి నుంచి హైదరాబాదుకు రాకపోకలే పావు సెకనుకు దగ్గరగా ఉంటాయి. ఈ పద్ధతిలో ఆయన మీతో ఓవర్‌కుక్డ్ ఆడితే వంటగది తగలబడటం ఖాయం. ముగ్గురూ ఓవర్‌కుక్డ్ 2ను తలో ప్రతి కొనుక్కుని, ఆటలోనే ఉన్న ఆన్‌లైన్ సదుపాయంతో ఆడితే కొంత మెరుగు. అప్పుడు వీడియోకు బదులు కదలికల సమాచారమే వెళుతుంది, ఎవరి తెర వారి ఇంట్లోనే తయారవుతుంది, ఒక్కొక్కరికి ఒక ఎంబీపీఎస్ కూడా పట్టదు. అప్పటికీ దూరం దూరమే. ఆయన ఉన్న రోజున వంతులవారీగా ఆడేవీ, బొమ్మ గీసి ఊహించేవీ ఎంచుకుని, ఓవర్‌కుక్డ్‌ను మీ ఇద్దరికే అట్టిపెట్టుకోండి. స్క్రిబుల్‌లో సొంత పదాల జాబితా ఇచ్చే వీలుంది. తెలుగు సినిమా పేర్లతో ఒక జాబితా తయారు చేస్తే న్యూజెర్సీ ఆయనే మీ ఇద్దరినీ ఓడించవచ్చు.

ప్రశ్న: విదేశం నుంచి తెచ్చిన నింటెండో స్విచ్ అనే గేమింగ్ పరికరంలో మా పిల్లలు మారియో పార్టీ ఆడతారు. డౌన్‌లోడ్ 60 ఎంబీపీఎస్ వస్తోంది. అయినా కొందరు మిత్రుల గదిలోకి వెళ్లగలుగుతున్నారు, మరికొందరితో ఎంత ప్రయత్నించినా కలవడం లేదు. కనెక్షన్ టెస్ట్‌లో న్యాట్ టైప్ డి అని వస్తోంది.
– ఒక పాఠకుడు, నెల్లూరు

జవాబు: మీ జవాబు ఆ డి అక్షరంలోనే ఉంది. న్యాట్ టైప్ అంటే బయటి పరికరాలు మీ స్విచ్‌ను ఎంత సులువుగా చేరగలవో చెప్పే తరగతి, ఎ అన్నిటికంటే మేలు, డి చాలా ఇరుకు. స్విచ్ ఆన్‌లైన్ ఆటకు నింటెండో సూచించేది 3 ఎంబీపీఎస్ డౌన్‌లోడ్, 1 ఎంబీపీఎస్ అప్‌లోడ్ మాత్రమే, మీకు దానికి ఇరవై రెట్లు వస్తోంది. ఇందులో చాలా ఆటలు మధ్యలో సర్వర్ లేకుండా ఒక స్విచ్ నుంచి మరో స్విచ్‌కు నేరుగా మాట్లాడతాయి. అలా మాట్లాడాలంటే బయటివారు మీ తలుపు తట్టగలగాలి. మన స్థానిక ఆపరేటర్లలో చాలామంది, ఐపీ చిరునామాల కొరత వల్ల, వందల ఇళ్లను ఒకే చిరునామా వెనుక ఉంచుతారు. లోపలి నుంచి బయటికి వెళ్లడానికి అడ్డులేదు, బయటి నుంచి వచ్చినవారికి మాత్రం మీ ఇల్లు ఏదో తెలియదు. న్యాట్ ఎ ఉన్న మిత్రులతో కలుస్తూ, మీలాగే డి ఉన్నవారితో కలవకపోవడం అందువల్లే.

నిర్ధారించుకోవడానికి రూటర్ పేజీలో వ్యాన్ చిరునామాను, అంటే రూటర్‌కు బయటి నెట్ వైపున్న ఐపీ చిరునామాను చూడండి. అది 10తో గానీ, 100.64 నుంచి 100.127 వరకు ఉన్న అంకెలతో గానీ మొదలైతే మీరు ఆ ఉమ్మడి చిరునామా వెనుక ఉన్నట్టే. అప్పుడు రూటర్‌లో ఏ సెట్టింగు మార్చినా ఫలితం ఉండదు. ఆపరేటర్‌ను పబ్లిక్ ఐపీ లేదా స్టాటిక్ ఐపీ కావాలని అడగండి, నెలకు కొంత అదనంగా తీసుకుని ఇచ్చేవారు ఉన్నారు. చిరునామా మీ సొంతమే అని తేలితే రూటర్‌లో యూపీఎన్‌పీ (బయటివారికి తలుపును తనంత తాను తెరిచే సదుపాయం) ఆన్ చేసి మళ్లీ పరీక్షించండి. ఆపరేటర్ ఇచ్చిన రూటర్ వెనుక మీరు మరో రూటర్ పెట్టుకున్నా ఇదే తంటా వస్తుంది, రెండోదాన్ని యాక్సెస్ పాయింట్‌గా, అంటే వైఫై మాత్రమే ఇచ్చేదిగా మార్చాలి.

ప్రశ్న: మా ఊళ్లో కరెంటు స్తంభాల మీదుగా వచ్చే ఫైబర్ ఉంది, ఈమధ్య ఇంటి పైన యాంటెన్నా బిగించి ఇచ్చే 5జీ కూడా వచ్చింది. స్పీడ్ టెస్ట్‌లో 5జీకే ఎక్కువ. మిత్రులతో ఆటలకు ఏది మేలు?
– ఒక పాఠకుడు, తెనాలి దగ్గరి పల్లె నుంచి

జవాబు: ఫైబర్. స్పీడ్ టెస్ట్ చూపే పెద్ద అంకెకు లోబడకండి. 5జీలో మీ ఇంటికి వచ్చే తరంగాన్ని చుట్టుపక్కల వారందరితోనూ పంచుకుంటారు, సాయంత్రం ఏడు దాటాక ఊరంతా సెల్‌ఫోన్లు పట్టుకునే సరికి పింగ్ 30 నుంచి 120కి, మళ్లీ 40కి గంతులు వేస్తుంది. ఆటలో ఆలస్యం నిలకడగా ఉంటే చేతికి అలవాటైపోతుంది. గంతులు వేసే ఆలస్యానికి ఎవరూ అలవాటు పడలేరు. జాక్‌బాక్స్, లూడో, స్క్రిబుల్ లాంటి వాటికి పరిమితమైతే మాత్రం రెండింటిలో ఏదైనా సరే.

స్తంభాల మీది తీగకు ఉన్న బలహీనత మీకు తెలిసినదే, గాలివానకో, రోడ్డు మీద ఎత్తుగా గడ్డి వేసుకుని పోయే ట్రాక్టరుకో అది తెగుతుంది. తెగిన రోజుకు ఫోన్ హాట్‌స్పాట్ ఉండనే ఉంది. రెండూ ఉంచుకునే స్తోమత లేకపోతే, నిర్ణయించే ముందు పొరుగింటి 5జీ మీద ఒక ఆదివారం రాత్రి ఎనిమిది నుంచి తొమ్మిది వరకు, మొదటి జవాబులో చెప్పిన పింగ్ పరీక్షను నడిపి చూడండి. బిగించడానికి వచ్చినవారు పట్టపగలు చూపించే అంకె మీకు పనికిరాదు.